రికీ లాంబర్ట్: నాలుగో అంచె లీగ్ నుంచి ఇంగ్లండ్ జట్టు దాకా – తరచుగా అడిగే ప్రశ్నలు

ఇంగ్లండ్ ఫుట్‌బాల్ చూసే తెలుగువారిలో ఎక్కువమంది ప్రీమియర్ లీగ్‌తో మొదలుపెడతారు, చాలావరకు అక్కడే ఆగిపోతారు. అందువల్ల కింది లీగ్‌లలో పదేళ్లకు పైగా గడిపి, 31 ఏళ్ల వయసులో జాతీయ జట్టుకు ఆడిన రికీ లాంబర్ట్ పేరు వచ్చినప్పుడల్లా అవే సందేహాలు మళ్లీ మళ్లీ ఎదురవుతున్నాయి. వాటిని అతని ప్రయాణంలోని దశల ప్రకారం ఇక్కడ కూర్చాను. ఏ ప్రశ్న దగ్గర మొదలుపెట్టినా ఇబ్బంది లేదు.

## ముందుగా తెలియవలసినవి

ఈ రికీ లాంబర్ట్ ఎవరు? పెద్ద స్టార్ కాదు కదా, ఇంతగా చెప్పుకోవడం దేనికి?

లివర్‌పూల్ నగరానికి ఆనుకుని ఉన్న కిర్క్‌బీలో 1982 ఫిబ్రవరి 16న పుట్టిన ఇంగ్లిష్ స్ట్రైకర్ (ముందు వరుసలో ఉండి గోల్స్ కొట్టే ఆటగాడు) ఇతను. 1998 నుంచి 2017 వరకు తొమ్మిది క్లబ్బుల తరఫున 600కు పైగా లీగ్ మ్యాచ్‌లు ఆడి, 218 లీగ్ గోల్స్ చేశాడు. స్టార్ కాదన్న మాట నిజమే. అయితే 29 ఏళ్లు వచ్చేదాకా రెండో అంచె లీగ్‌లో కూడా ఒక్క మ్యాచ్ ఆడని మనిషి, ఆ తర్వాత రెండేళ్లకే ఇంగ్లండ్ చొక్కా వేసుకుని జాతీయ స్టేడియం వెంబ్లీలో గోల్ కొట్టడం అరుదైన సంగతి. దీన్ని చాలామంది అదృష్టం ఖాతాలో వేస్తారు. అతను అడుగుపెట్టిన లీగ్‌లనూ, అక్కడ చేసిన గోల్స్‌నూ వరుసగా పేర్చి చూస్తే ఆ మాట నిలబడదని నా అభిప్రాయం.

జర్నీమన్ అంటే ఏమిటి? ఎక్కువ ప్రయాణాలు చేసేవాడనా?

అలా అనిపించడం సహజమే కానీ, ఆ మాటకు ప్రయాణంతో సంబంధం లేదు. రోజు అనే అర్థమిచ్చే ఫ్రెంచి మాట నుంచి అది వచ్చింది. చేతిపని నేర్చుకుని, సొంత దుకాణం లేక, రోజు కూలికి మరొకరి దగ్గర పనిచేసేవాడిని పూర్వం ఇంగ్లండ్‌లో అలా పిలిచేవారు. ఫుట్‌బాల్‌లో ఏ క్లబ్బులోనూ పాతుకుపోకుండా, పని వచ్చిన చోటల్లా ఆడే నికరమైన ఆటగాడిని అంటారు. పొట్ట చేతపట్టుకుని ఊళ్లు తిరిగే ఆటగాడు అంటే మనకు దగ్గరగా ఉంటుంది. 2009 వరకు లాంబర్ట్‌కు ఈ మాట అచ్చంగా సరిపోతుంది. ఆ తర్వాత ఒకే క్లబ్బులో వరుసగా ఐదు సీజన్లు ఆడాడు కాబట్టి అప్పటి నుంచి అంతగా నప్పదు.

ఇంగ్లండ్‌లో మొదటి అంచె, నాలుగో అంచె అంటే ఏమిటి? లీగ్ వన్ అంటే మొదటిది కాదా?

కాదు. అందరూ తడబడేది ఇక్కడే. అన్నిటికంటే పైన 20 జట్ల ప్రీమియర్ లీగ్ ఉంటుంది. దాని కింద ఛాంపియన్‌షిప్, ఆ కింద లీగ్ వన్, దాని కింద లీగ్ టూ ఉంటాయి. ఈ మూడింటిలోనూ సాధారణంగా 24 చొప్పున జట్లు ఆడతాయి. అంటే లీగ్ వన్ మూడో అంచె, లీగ్ టూ నాలుగో అంచె. ఈ పేర్లు 2004లో వచ్చాయి. 1992 నుంచి అప్పటిదాకా ఇవే ఫస్ట్, సెకండ్, థర్డ్ డివిజన్లుగా ఉండేవి కనుక ఆ కాలపు వార్తలు చదివేటప్పుడు ఒక అంకె కలుపుకుని చూడాలి. సీజన్ చివర పైన నిలిచిన జట్లు ఒక అంచె ఎక్కుతాయి, అడుగున నిలిచినవి ఒక అంచె దిగుతాయి. ఐపీఎల్‌లో ఆఖరున నిలిచిన జట్టుకు మరుసటి ఏడాది కూడా చోటు భద్రంగా ఉంటుంది, ఇక్కడ ఉండదు. అందుకే కింది లీగ్ ఆటగాడికి పైకి వెళ్లే దారులు రెండు: పై క్లబ్బు కొనుక్కోవాలి, లేదా తన క్లబ్బునే పైకి తీసుకుపోవాలి. లాంబర్ట్ ప్రధానంగా రెండో దారిలో వెళ్లాడు.

## తిరస్కరణ, బీట్‌రూట్ రోజులు

లివర్‌పూల్ క్లబ్బే అతన్ని చిన్నప్పుడు వదిలేసిందంటారు, నిజమేనా?

నిజమే. చిన్నతనంలో లివర్‌పూల్ క్లబ్బు శిక్షణ విభాగంలో ఐదేళ్లపాటు ఉన్నాడు, 15 ఏళ్ల వయసులో క్లబ్బు అతన్ని వదిలేసింది. ఇంగ్లండ్‌లో పెద్ద క్లబ్బుల శిక్షణలో చేరే పిల్లల్లో అత్యధికులకు జరిగేది ఇదే. ఇందులో ప్రత్యేకమైన అన్యాయం వెతకనక్కర్లేదు. తర్వాత బ్లాక్‌పూల్ చేర్చుకుంది. అక్కడ మూడో అంచెలో కేవలం మూడు లీగ్ మ్యాచ్‌లు ఆడాక, 2000లో ఆ క్లబ్బు కూడా వద్దనుకుంది. అప్పటికి వయసు 18.

బీట్‌రూట్ ఫ్యాక్టరీలో పనిచేశాడన్న కథ కల్పితమా?

కల్పితం కాదు, లాంబర్ట్ స్వయంగా చాలాసార్లు చెప్పాడు. బ్లాక్‌పూల్ నుంచి బయటపడ్డాక మాకిల్స్‌ఫీల్డ్ టౌన్ క్లబ్బుతో కలిసి సాధన చేసుకోనిచ్చారు కానీ జీతం లేదు. ఇల్లు గడవడానికి బీట్‌రూట్ ముక్కలు నింపిన సీసాలకు మూతలు బిగించే పనికి వెళ్లాడు, రోజుకు 20 పౌండ్లు ఇచ్చేవారు. నెలల తరబడి అలా గడిచాక 2001లో మాకిల్స్‌ఫీల్డ్ ఒప్పందం ఇచ్చింది. అతను ఇంగ్లండ్ జట్టుకు ఎంపికైన ప్రతిసారీ పత్రికలు ఈ సీసాల సంగతినే పైకి తీశాయి. దానివల్ల ఫ్యాక్టరీ నుంచి నేరుగా జాతీయ జట్టులోకి గెంతినట్టు ఒక భ్రమ కలుగుతుంది. రెంటికీ మధ్య పన్నెండేళ్లున్నాయి, 400కు పైగా మ్యాచ్‌లున్నాయి.

మాకిల్స్‌ఫీల్డ్‌లో ఏం చేశాడు?

నాలుగో అంచెలో 44 లీగ్ మ్యాచ్‌లు ఆడి 8 గోల్స్ చేశాడు. అంకెలు మామూలువే. అయినా 2002లో స్టాక్‌పోర్ట్ కౌంటీ 3 లక్షల పౌండ్లిచ్చి కొనుక్కుంది. మాకిల్స్‌ఫీల్డ్ వంటి చిన్న క్లబ్బుకు ఒక ఆటగాడి మీద అంత సొమ్ము రావడం అదే మొదటిసారి.

## చిన్న క్లబ్బుల కాలం

బదిలీ సొమ్ము ఆటగాడి చేతికి వస్తుందా?

రాదు. ఒప్పందం గడువు మిగిలి ఉన్న ఆటగాడిని వదులుకున్నందుకు కొనే క్లబ్బు అమ్మే క్లబ్బుకు చెల్లించే రుసుము అది. ఆటగాడికి కొత్త క్లబ్బుతో కుదిరిన జీతం, ఇతర చెల్లింపులే దక్కుతాయి. గడువు తీరిపోతే కుర్రవయసు దాటిన ఆటగాళ్లు రుసుము లేకుండానే మారవచ్చు. ఆటగాళ్లను తక్కువకు కొని, తీర్చిదిద్ది, ఎక్కువకు అమ్మడం చాలా చిన్న క్లబ్బులకు టికెట్ల అమ్మకం అంత ముఖ్యమైన ఆదాయం.

స్టాక్‌పోర్ట్‌లో అంత పేలవంగా ఎందుకు ఆడాడు?

98 లీగ్ మ్యాచ్‌లలో 18 గోల్స్ అంటే స్ట్రైకర్‌కు తక్కువే, అందులో వాదన లేదు. అయితే స్టాక్‌పోర్ట్ అప్పుడు జారుడు బల్ల మీద ఉంది. 2002లో రెండో అంచె నుంచి మూడో అంచెకు, 2005లో నాలుగో అంచెకు పడిపోయింది. అలాంటి జట్టులో బంతి ముందుకు రావడమే గగనం. జట్టు పడిపోకముందే, 2005 ఫిబ్రవరిలో లాంబర్ట్ రోచ్‌డేల్‌కు మారాడు. అంటే తనంతట తానే ఒక అంచె దిగాడు.

ఒక మెట్టు దిగడం వల్ల లాభం కలిగిందా?

కలిగింది, వెంటనే కలిగింది. రోచ్‌డేల్‌లో 64 లీగ్ మ్యాచ్‌లలో 28 గోల్స్ చేశాడు. 2005-06 సీజన్‌లో 22 గోల్స్‌తో లీగ్ టూలో అత్యధిక గోల్స్ చేసినవారిలో సమంగా మొదటి స్థానంలో నిలిచాడు. ఆ సీజన్ మొదటి సగంలో అతని పక్కన ఆడిన స్ట్రైకర్ గ్రాంట్ హోల్ట్. హోల్ట్ కూడా తర్వాత నారిచ్ సిటీతో మూడో అంచె నుంచి ప్రీమియర్ లీగ్ దాకా వెళ్లి, అక్కడ ఒకే సీజన్‌లో 15 గోల్స్ కొట్టాడు. నాలుగో అంచెలోని ఒక సాధారణమైన జట్టులో అలాంటి ఇద్దరు పక్కపక్కన ఆడుతున్నా మొదటి రెండు అంచెల క్లబ్బులు తమ మనుషులను పంపి తీసుకోలేదంటే, వారి చూపు ఎటు ఉండేదో ఆలోచించుకోవచ్చు.

బ్రిస్టల్ రోవర్స్ అభిమానులు ఇప్పటికీ అతన్ని అంతగా తలుచుకుంటారెందుకు?

2006 ఆగస్టు 31న, బదిలీల గడువు ముగిసే రోజున, రోవర్స్ అతన్ని 2 లక్షల పౌండ్లకు తీసుకుంది. మూడు సీజన్లలో 128 లీగ్ మ్యాచ్‌లు, 51 గోల్స్. అంకెలకు మించిన కారణాలు కూడా ఉన్నాయి. 2007 ఫిబ్రవరిలో చిన్న జట్ల టోర్నీ అయిన ఫుట్‌బాల్ లీగ్ ట్రోఫీలో ఫైనల్ బెర్తు కోసం ఊళ్లోని చిరకాల ప్రత్యర్థి బ్రిస్టల్ సిటీతో ఆడినప్పుడు, గెలిపించిన గోల్ అతనిదే. ఊళ్లో రెండు జట్లు ఉన్నచోట అలాంటి ఒక్క గోల్ ఆటగాడికి జీవితకాలం కాఫీ పోయిస్తుంది. అదే ఏడాది మేలో రోవర్స్ పై అంచెలో మిగిలిన చోటు కోసం వెంబ్లీలో జరిగిన ప్లేఆఫ్ ఫైనల్‌లో ష్రూస్‌బరీపై 3-1తో గెలిచి లీగ్ వన్‌లోకి ఎక్కింది. 2008లో అన్ని అంచెల జట్లూ ఆడే నాకౌట్ టోర్నీ ఎఫ్‌ఏ కప్ ఐదో రౌండ్‌లో పై అంచెలో ఉన్న సౌతాంప్టన్‌ను 1-0తో ఓడించి క్వార్టర్ ఫైనల్ చేరింది. ఆ ఒక్క గోల్ లాంబర్ట్ ఫ్రీ కిక్. ఏడాదిన్నర తిరగకముందే అతన్ని కొనుక్కున్నది ఆ సౌతాంప్టనే. 2008-09లో 29 గోల్స్‌తో మూడో అంచెలో కూడా సమంగా మొదటి స్థానంలో నిలిచాక రోవర్స్ అతన్ని ఇక పట్టి ఉంచలేకపోయింది.

అంత నెమ్మదిగా పరిగెత్తేవాడు అన్ని గోల్స్ ఎలా చేశాడు?

వేగం లేని మాట నిజం. చాలాకాలం పై క్లబ్బులు అతన్ని పట్టించుకోకపోవడానికి అదొక కారణం కావచ్చు. ఆరడుగుల రెండంగుళాల మనిషి, ఒళ్లు బరువుగా కనిపించేది. చూసినవాళ్లు గాలిలో వచ్చే బంతులకు తల తగిలించే రకమని తేల్చేసేవారు. అసలు ఆట వేరు. గోల్‌కు వీపు పెట్టి, డిఫెండర్‌ను ఆపి ఉంచి, బంతిని రొమ్ము మీదకో పాదం మీదకో దించుకుని, పరిగెత్తుకొస్తున్న సహచరుడికి సరిగ్గా అందించడం అతని మొదటి నేర్పు. ఫ్రీ కిక్‌లను దూరం నుంచి బలంగా కొట్టడం రెండోది. పదునైన ఫస్ట్ టచ్ (వచ్చిన బంతిని మొదటి తాకిడితోనే అదుపు చేసే నేర్పు) ఉన్నవాడు పది గజాలు పరిగెత్తి అందుకోవలసిన చోటును ఒక్క అడుగుతో అందుకుంటాడు. వయసు పైబడితే వేగం తగ్గుతుంది, ఈ నేర్పులు తగ్గవు. అతను 30 దాటాక మెరుగైనట్టు కనిపించడానికి ఇదొక కారణం.

## సౌతాంప్టన్

దివాలా అంచున ఉన్న క్లబ్బుకు ఎందుకు వెళ్లాడు?

2009 ఏప్రిల్‌లో సౌతాంప్టన్ మాతృసంస్థ అప్పుల ఊబిలో కూరుకుపోయి, దివాలా వ్యవహారాలు చూసే నిర్వాహకుల చేతికి వెళ్లింది. జట్టు మూడో అంచెకు పడిపోయింది, దానికితోడు కొత్త సీజన్‌ను 10 పాయింట్ల కోతతో మొదలుపెట్టవలసి వచ్చింది. జులైలో స్విట్జర్లాండ్ వ్యాపారి మార్కుస్ లీబర్ క్లబ్బును కొన్నాక పరిస్థితి మారింది. చేతిలో డబ్బు, పెద్ద స్టేడియం, మంచి శిక్షణ విభాగం ఉండి, ఉండవలసిన చోటుకంటే రెండు అంచెల కింద ఉన్న క్లబ్బు అది. ఆగస్టు 10న సుమారు 10 లక్షల పౌండ్లకు లాంబర్ట్‌ను తీసుకుంది. పైకి మునుగుతున్న పడవలా కనిపించినా, ఎక్కడానికి అంతకంటే మంచి సమయం ఉండదు.

మేనేజర్ అతన్ని లావయ్యావని మందలించాడట, నిజమా?

అప్పటి మేనేజర్ (ఇంగ్లండ్‌లో ప్రధాన కోచ్‌ను అలా అంటారు) అలన్ పార్డ్యూ రాగానే శరీరదారుఢ్యం గురించి గట్టిగా పట్టుబట్టారని, తిండి, సాధన రెండూ మార్చుకోవలసి వచ్చిందని లాంబర్ట్ తర్వాత చెప్పుకున్నాడు. చిన్న క్లబ్బులలో ఆహార నిపుణులూ, శాస్త్రీయమైన సాధన ప్రణాళికలూ ఆ రోజుల్లో అందరికీ అందుబాటులో ఉండేవి కావు. ఆ సీజన్‌లో అన్ని పోటీలూ కలిపి 36 గోల్స్ కొట్టాడు, వాటిలో లీగ్ గోల్స్ 30. వెంబ్లీలో కార్లైల్‌ను 4-1తో ఓడించి జట్టు ఫుట్‌బాల్ లీగ్ ట్రోఫీ గెలిచింది. లీగ్‌లో మాత్రం 7వ స్థానంతో ఆగిపోయింది. ఆ 10 పాయింట్ల కోతే లేకుంటే ప్లేఆఫ్‌కు వెళ్లేది.

ప్రతి అంచెలోనూ టాప్ స్కోరర్ అయ్యాడంటారు, లెక్క సరైనదేనా?

ప్రీమియర్ లీగ్ తప్ప మిగిలిన మూడింటిలోనూ అయ్యాడు. లీగ్ టూలో 2005-06 (22 గోల్స్, సమంగా), లీగ్ వన్‌లో 2008-09 (29, సమంగా) మళ్లీ 2009-10 (సౌతాంప్టన్ తరఫున 30), ఛాంపియన్‌షిప్‌లో 2011-12 (27). ఆ చివరి ఏడాది ఛాంపియన్‌షిప్ ఉత్తమ ఆటగాడి పురస్కారం కూడా అతనికే దక్కింది. అంచె మారినప్పుడల్లా ఇక్కడ డిఫెండర్లు వేరు, ఇతనికి సాగదు అన్నవారున్నారు. సాగింది.

పెనాల్టీ ఒక్కటి కూడా పోగొట్టుకోలేదన్నది నిజమా?

సౌతాంప్టన్ తరఫున మాత్రం నిజమే: 34 తీసుకుని 34 గోల్ చేశాడు. ఇదే క్లబ్బుకు, ఇదే 7వ నంబరు చొక్కాతో ఆడిన మాట్ లె టిసియే 48 తీసుకుని ఒక్కటే పోగొట్టుకున్నాడని ఆ ఊళ్లో గొప్పగా చెప్పుకునేవారు. లాంబర్ట్ చాలావరకు గోల్‌కీపర్ కదలిక కోసం ఎదురుచూడకుండా, బంతిని బలంగా కొట్టేవాడు.

ప్రీమియర్ లీగ్‌లో నెగ్గుకొచ్చాడా?

2011లో రెండో అంచెకు, 2012లో మొదటి అంచెకు సౌతాంప్టన్ వరుసగా ఎక్కింది. 2012 ఆగస్టు 19న అప్పటి ఛాంపియన్ మాంచెస్టర్ సిటీ మైదానంలో మొదటి మ్యాచ్. లాంబర్ట్‌ను బెంచి మీద కూర్చోబెట్టారు. రెండో సగంలో దిగి, కాసేపటికే స్కోరు సమం చేసే గోల్ కొట్టాడు. మ్యాచ్ 3-2తో సిటీ గెలిచింది. ఆ సీజన్ ముగిసేసరికి 15 గోల్స్ చేశాడు. లీగ్‌లో ఆడుతున్న ఇంగ్లండ్ దేశస్థులలో అంతకంటే ఎక్కువ చేసినవారు లేరు. ఫ్రాంక్ లాంపార్డ్ ఒక్కడే సమంగా ఉన్నాడు.

## ఇంగ్లండ్ జట్టు

31 ఏళ్ల వయసులో జాతీయ జట్టుకు ఎలా పిలిచారు? వేరే ఎవరూ దొరకలేదా?

స్ట్రైకర్ల కొరత కొంత ఉన్నమాట నిజమే. గాయాల వల్ల కొందరు అందుబాటులో లేరు. అయినా అంతకుముందు సీజన్‌లో దేశవాళీ ఆటగాళ్లలో గోల్స్‌లో సమంగా మొదటి స్థానంలో నిలిచినవాడిని పిలవడాన్ని సర్దుబాటు అనలేం. మేనేజర్ రాయ్ హాడ్జ్‌సన్ జట్టును ప్రకటించిన 2013 ఆగస్టు 8వ తేదీనే లాంబర్ట్‌కు కూతురు పుట్టింది.

మొదటి టచ్‌తోనే గోల్ కొట్టాడన్నది అతిశయోక్తి కాదా?

కాదు. 2013 ఆగస్టు 14న వెంబ్లీలో స్కాట్లండ్‌తో మ్యాచ్, స్కోరు 2-2. 67వ నిమిషంలో వేన్ రూనీ స్థానంలో దిగాడు. మూడు నిమిషాలు తిరగకముందే లైటన్ బెయిన్స్ కొట్టిన కార్నర్‌ను తలతో గోల్‌లోకి పంపాడు. బంతి అతనికి తగలడం అదే మొదటిసారి. ఇంగ్లండ్ 3-2తో గెలిచింది. తర్వాత నెలలో మోల్డోవాతో ప్రపంచకప్ అర్హత మ్యాచ్‌లో మొదటినుంచీ ఆడి, ఒక గోల్ చేసి, డానీ వెల్‌బెక్ చేసిన రెండు గోల్స్‌కూ బంతి అందించాడు. నా దృష్టిలో అతని ఆటకు అసలైన నమూనా ఆ మోల్డోవా మ్యాచ్. స్కాట్లండ్ గోల్ కథగా బాగుంటుంది, అంతే.

మొత్తం ఎన్ని క్యాప్‌లు? క్యాప్ అంటే నిజంగా టోపీయేనా?

11 క్యాప్‌లు, 3 గోల్స్. జాతీయ జట్టుకు ఆడినవారికి టోపీ బహూకరించే ఆచారం నుంచి ఆ మాట వచ్చింది, ఇప్పుడు మ్యాచ్‌ల లెక్కగా వాడుతున్నారు.

ప్రపంచకప్‌లో ఆడాడా?

2014లో బ్రెజిల్ వెళ్లిన జట్టులో ఉన్నాడు. ఆడింది మాత్రం ఉరుగ్వేతో మ్యాచ్ చివర 87వ నిమిషం నుంచే. అప్పటికే లూయిస్ సువారెజ్ రెండు గోల్స్‌తో ఇంగ్లండ్ 1-2తో వెనకబడి ఉంది, అలాగే ఓడింది. గ్రూప్ దశలోనే జట్టు ఇంటికి వచ్చింది.

అతనిలా కింది లీగ్‌ల నుంచి వచ్చినవారు ఇంకెవరున్నారు?

స్టీవ్ బుల్ 1989లో మూడో అంచె జట్టు ఆటగాడిగా ఉండగానే స్కాట్లండ్‌పై సబ్‌స్టిట్యూట్‌గా దిగి తొలి మ్యాచ్‌లో గోల్ కొట్టాడు, కాకపోతే తన క్లబ్బు వుల్వ్స్‌ను వదిలి ఎక్కడికీ పోలేదు. కెవిన్ ఫిలిప్స్ లీగ్ వ్యవస్థకు వెలుపలి జట్టు నుంచి వచ్చి 1999-2000లో ప్రీమియర్ లీగ్‌లో 30 గోల్స్ చేశాడు, కానీ ఇంగ్లండ్‌కు ఆడిన 8 మ్యాచ్‌లలో ఒక్క గోల్ లేదు. అలాగే లీగ్ వ్యవస్థకు వెలుపలి నుంచి ఇంగ్లండ్ జట్టు దాకా వెళ్లిన జేమీ వార్డీ పేరు అందరికీ తెలిసిందే.

## లివర్‌పూల్, ఆ తర్వాత

చిన్నప్పుడు కాదన్న లివర్‌పూల్‌కే వెళ్లి ఎందుకు విఫలమయ్యాడు?

2014 జూన్ 2న, ప్రపంచకప్‌కు బయలుదేరిన ఇంగ్లండ్ జట్టుతో ఉండగానే, సుమారు 40 లక్షల పౌండ్లకు లివర్‌పూల్‌లో చేరాడు. సువారెజ్, డానియల్ స్టరిడ్జ్‌ల వెనుక అవసరమైనప్పుడు దిగే మూడో స్ట్రైకర్‌గా తీసుకున్నారు. జులైలో సువారెజ్ బార్సిలోనా వెళ్లిపోయాడు, స్టరిడ్జ్ గాయాలతో కూర్చున్నాడు, ఆగస్టులో మారియో బాలొతెల్లి వచ్చాడు. వేగంగా పరిగెత్తే ఇద్దరి చుట్టూ కట్టిన ఆటలో బంతిని పట్టి నిలిపే మనిషికి చోటు కుదరలేదు. 25 లీగ్ మ్యాచ్‌లలో 2 గోల్స్, ఛాంపియన్స్ లీగ్‌లో లుడోగోరెట్స్‌పై ఒకటి. అతను వెళ్లకుండా ఉండవలసిందని చాలామంది అంటారు. చిన్నప్పటి నుంచి అభిమానించిన క్లబ్బు 32 ఏళ్ల వయసులో పిలిస్తే వద్దనమనడం, పక్కన కూర్చున్నవాళ్లకు తేలిక.

చివరి రోజులు ఎక్కడ గడిచాయి?

2015లో వెస్ట్ బ్రామ్‌విచ్ ఆల్బియన్‌కు మారి 19 లీగ్ మ్యాచ్‌లలో ఒక గోల్ చేశాడు. 2016 ఆగస్టు 31న కార్డిఫ్ సిటీలో చేరాడు. బ్రిస్టల్ రోవర్స్‌లో చేరిన రోజుకు సరిగ్గా పదేళ్లు. ఆ రోజుల్లో రోవర్స్ కోచ్‌గా ఉన్న పాల్ ట్రోలపే అప్పటికి కార్డిఫ్ మేనేజర్. అయితే ఐదు వారాలకే ట్రోలప్ ఉద్యోగం పోయి నీల్ వార్నాక్ వచ్చారు. లాంబర్ట్ అక్కడ 18 లీగ్ మ్యాచ్‌లు ఆడి 4 గోల్స్ చేశాడు. ఆ సీజన్ తర్వాత వేరే క్లబ్బులో చేరలేదు, 2017 అక్టోబరులో 35 ఏళ్ల వయసులో ఆట ముగిస్తున్నట్టు ప్రకటించాడు.